పాత బొమ్మకు క్రొత్త పూత

సోనీ సంస్థవారి ప్లేస్టేషన్ పోర్టబుల్, పి.ఎస్.పి. అను పొట్టిపేరు గల చేతి ఆటయంత్రము, 2004 డిసెంబరులో జపాను దేశపు అంగళ్లకు వచ్చినది. దాని తెర మీద అడ్డముగా 480, నిలువుగా 272 చుక్కలు కలవు. ఈ చుక్కలకే పిక్సెల్స్ అని పేరు. ఆ యంత్రమును తయారుచేయుట ఏనాడో మానివేసిరి. కాని దానికొరకు రచించిన ఆటలు దానితో పాటు పోలేదు. స్వీడన్ దేశీయుడైన హెన్రిక్ రిడ్గార్డ్ 2012లో వెలువరించిన పి.పి.ఎస్.ఎస్.పి.పి. అను ఎమ్యులేటర్, అనగా ఒక యంత్రము చేయు పనిని మరియొక యంత్రముచేత చేయించు ప్రోగ్రాము, ఆ ఆటలను నేటి సెల్‌ఫోనులలోను కంప్యూటర్లలోను ఆడించుచున్నది. చిక్కు ఇక్కడనే పుట్టినది. 2400 చుక్కల పొడవు, 1080 చుక్కల వెడల్పు గల ఫోను తెరలో పి.ఎస్.పి. తెర వంటివి సుమారు ఇరువది ఇముడును. అరచేతి తెరకు చిత్రించిన బొమ్మను అంత తెర మీద పరచినప్పుడు ముఖములు మసకబారును. ఇటుక గోడ బురద పూసినట్లగును. పుస్తకము మీది అక్షరములు చీమలబారువలె కనబడును.

ఈ లోపమును సహింపలేని ఆటగాండ్రు కొందరు తామే కుంచె పట్టిరి. ఆటలోని పాత బొమ్మను వెలికి తీసి, అదే బొమ్మను పెద్దదిగాను స్పష్టముగాను తిరిగి వ్రాసి, పాతదాని స్థానమున నిలుపుచున్నారు. ఆట నడక మారదు, కథ మారదు, సంగీతము మారదు. పై రంగు మాత్రము మారును. ఒకరు చేసిన ఆటను వేరొకరు ఇట్లు సవరించుకొనుటను మాడింగ్ అందురు. అందులో ఈ బొమ్మల మార్పిడి ఒక శాఖ. ఆటలో ప్రతి వస్తువునకు పైన అతికించిన బొమ్మకు టెక్స్చర్ అని పేరు గనుక దీనిని టెక్స్చర్ మార్పిడి అనుచున్నారు.

పెద్దలలో పలువురు దీనిని పనిలేనివారి పని అని కొట్టివేయుదురు. మరికొందరు ఇతరుల సొత్తును ముట్టుకొనుట తప్పని తీర్పు చెప్పుదురు. ఆటగాండ్ర పక్షమున వినబడు మాట వేరు: చుక్కలు హెచ్చినకొలది బొమ్మ మేలని వారి నమ్మకము. ఈ రెండు తీర్పులును బొమ్మను చూడకుండ చెప్పినవే. బొమ్మను తిరిగి వ్రాయువాడు మొదట దానిని చదువవలెను. ఆ చదువు ఎట్టిదో, దానిని తప్పించుకొనుటవలన ఏమి నష్టమో, ఇట్టి పనిలో తలమునకలైన విద్యార్థులు తమ తరగతిలోనే ఉండవచ్చునని ఎరుగని ఉపాధ్యాయులు కొంచెము తెలిసికొనుట అవసరము.

కొండపల్లి బొమ్మను తలచుకొన్నచో టెక్స్చర్ అనగా ఏమో సులభముగా బోధపడును. పొనికి కొయ్యను చెక్కి ఆకారము తెచ్చుట ఒక పని. దానికి కన్నులు, మీసము, తలపాగ, పంచె అంచు వచ్చునట్లు రంగు వేయుట మరియొక పని. కంప్యూటర్ ఆటలో కొయ్యకు బదులు త్రికోణములను కూర్చి ఆకారమును నిలుపుదురు. ఆ ఆకారము బోసిగా నుండును. దాని మీద చదునైన బొమ్మను చుట్టి అతికించినప్పుడే అది వీరుడో, గుఱ్ఱమో, గుడి స్తంభమో అగును. చేతి ఆటయంత్రములలో ఆకారములకు త్రికోణములు మిక్కిలి తక్కువ. కనుక పూతమీద పడు బరువు ఎక్కువ. వ్రేళ్లు విడివిడిగా చెక్కని చేతికి వ్రేళ్లను రంగే చూపవలెను. మడతలు లేని వస్త్రమునకు మడతలను నీడయే తేవలెను.

ఆ పూత వేయుటకు చిత్రకారునికి దొరకిన చోటు ఎంత? పి.ఎస్.పి.లో చిత్రముల పనికై విడిగా ఉంచిన మెమరీ రెండు మెగాబైట్లు. ఒక టెక్స్చర్ 512 చుక్కల పొడవు వెడల్పులను మించరాదు. పెక్కు బొమ్మలు అంతకంటె చాల చిన్నవి. 128 చుక్కల చదరములో పదునారు రంగులతో వ్రాసిన బొమ్మ ఎనిమిది కిలోబైట్లలో ఇముడును. ఆ పదునారు రంగులును ముందుగా ఏరి ఒక పళ్లెములో పెట్టుకొనవలెను. పదునేడవ రంగు కావలెనన్నచో ఉన్నవానిలో ఒకదానిని వదలుకొనవలెను. ముఖపు రంగునే చెప్పు తోలుకును వాడుకొని, కత్తి మెఱపును కంటి మెఱపునకు ఎరువు తెచ్చుకొని సంసారము సాగించుట ఆ చిత్రకారులకు నిత్యకృత్యము.

అంతకు పూర్వపు స్థితి ఇంకను ఇరుకు. నింటెండో సంస్థ 1989లో వెలువరించిన గేమ్ బాయ్ తెర 160 చుక్కల అడ్డము, 144 చుక్కల నిలువు. రంగు లేదు, ఛాయలు నాలుగు మాత్రమే. బొమ్మ యంతయు ఎనిమిది చుక్కల చదరపు పలకలతో కూర్చినది. ఒక్కొక్క పలకకు పదునారు బైట్లు. 1996లో వచ్చిన పోకెమాన్ తొలి ఆటలలో ఎదురుపడు జంతువు ఎంత పెద్దదైనను 56 చుక్కల చదరములోనే ఒదుగవలెను. చుక్కల ముగ్గు వేయు గృహిణికి ఈ కష్టము క్రొత్త కాదు. చుక్కల లెక్క ముందే నిర్ణయమై ఉండగా, ఏ గీత ఏ చుక్కను చుట్టి పోవలెనో ఎరిగిన చేతికే నెమలియో తామరయో పలుకును. గేమ్ బాయ్ చిత్రకారుని చేతిలో ఒక్క చుక్క పొరపాటున ప్రక్కకు జరిగినచో జంతువు చూపు మారిపోవును.

దీనినుండి తేలు విషయము, మార్పిడి చేయువాడు తొలుత గ్రహింపవలసినది, ఏమనగా: చిన్న బొమ్మలోని చుక్క వస్తువు కానక్కరలేదు, అది సూచన కావచ్చును. పెదవి మూల నున్న నల్లచుక్క పుట్టుమచ్చ కాకపోవచ్చును. నవ్వునకు నీడ కావచ్చును. గోడ మీది రెండు లేతగీతలు పగుళ్లు కాక, కిటికీనుండి పడిన వెలుగు కావచ్చును. మూరెడు దూరమున పట్టుకొని చూచు కన్ను ఆ లోటును తానే పూరించుకొనునని చిత్రకారునికి తెలియును. ఆ కన్నును నమ్మియే అతడు చుక్క పెట్టెను. పెద్ద తెర మీద ఆ కంటి పని తప్పిపోవును. దానిని మార్పిడి చేయువాడు తన తలపై వేసికొనవలెను. చుక్కకు అర్థము చెప్పక తప్పదు. తప్పు చెప్పినచో ముఖము చెడును.

ఈ పని నడచు విధము కూడ తెలిసికొనదగినది. ఆట నడచుచుండగా ఏ బొమ్మ తెరమీదికి వచ్చుచున్నదో ఎమ్యులేటర్ దానిని ఒక చిత్రపు ఫైలుగా దాచిపెట్టగలదు. దానికి అది ఇచ్చు పేరు మనుష్యుని వ్రేలిముద్ర వంటిది. పి.పి.ఎస్.ఎస్.పి.పి.లో ఈ పేరునకు ఇరువదినాలుగు అక్షరములు: మొదటి ఎనిమిది ఆ బొమ్మ మెమరీలో కూర్చున్న చోటును, నడిమి ఎనిమిది దాని రంగుల పళ్లెమును, చివరి ఎనిమిది బొమ్మలోని చుక్కలను తెలుపును. క్రొత్త బొమ్మను అదే పేరుతో ఆ ఆటకు కేటాయించిన ఫోల్డరులో ఉంచినచో, ఆట పాత బొమ్మను అడిగినప్పుడెల్ల ఎమ్యులేటర్ క్రొత్తదానిని అందించును.

చెప్పుటకు ఇంతే, చేయుటలో నానా చిక్కులు. పగటి పూట ఒక పళ్లెము, రాత్రి పూట మరొక పళ్లెము వాడు గోడకు వ్రేలిముద్రలు రెండగును. ఒక్క గోడను రెండుమారులు వ్రాయవలెను, లేదా పళ్లెము లెక్కను వదలివేయుమని ఎమ్యులేటరునకు చెప్పవలెను. అట్లు చెప్పినచో రాత్రియు పగలే అగును. మరియొక చిక్కు మరింత విచిత్రమైనది. తెరనిండ వచ్చు బొమ్మకు 480 చుక్కలు అడ్డము, 272 నిలువు చాలును. కాని యంత్రపు కట్టుబాటు చొప్పున దానిని 512 చుక్కల చదరములో పెట్టవలెను. మిగిలిన చోటు ఖాళీగా నుండదు; అంతకు ముందటి బొమ్మల చెత్త అందులో పడియుండును. చెత్త మారినప్పుడెల్ల వ్రేలిముద్ర మారును, క్రొత్త బొమ్మ మాయమై పాతది మరల వచ్చును. కావున ముద్ర తీయునప్పుడు 480, 272 హద్దుల లోపల మాత్రమే చూడుమని సూచనల ఫైలులో ఒక పంక్తి వ్రాయవలెను. ఈ కారణమును కనుగొనుటకు ఎన్ని రాత్రులు పట్టునో పట్టుబట్టినవారికే తెలియును. పదునైదేండ్ల బాలుడు దీనిని ఒంటరిగా ఛేదించినచో, అతనికి గణితము అంటదని వాపోవు ఉపాధ్యాయుడు తన అభిప్రాయమును కొంచెము సడలించుకొనవచ్చును.

ఇంత వరకు చెప్పిన దానిలో మెచ్చదగిన గుణము మరియొకటి దాగియున్నది. క్రొత్త బొమ్మలు పాత ఆటను చెరుపవు. ఆట ఫైలు ఎట్లున్నదో అట్లే ఉండును. ప్రక్కన ఒక ఫోల్డరు వెలసినది, అంతే. దానిని తీసివేసిన మరుక్షణమున పాత బొమ్మలు యథాస్థానమున కూర్చుండును. తాళపత్ర ప్రతులను పరిష్కరించినవారు దీని విలువను వెంటనే గుర్తింతురు. పురుగు తిన్న అక్షరముల చోట లేఖకుడు తన కల్పనను మూలములోనే కలిపివేసెనేని, తరువాతివారికి ఏది కవిది, ఏది లేఖకునిది తెలియక ప్రక్షిప్తముల పెనుగులాట మిగులును. లేఖకుడు తన మాటను అంచున వ్రాసియున్నచో ఎవరికిని బాధ లేదు. టెక్స్చర్ మార్పిడి స్వభావము చేతనే అంచున వ్రాసిన మాట వంటిది. గోడ చిత్రము మీద సున్నము కొట్టి వేరొక చిత్రమును వ్రాసిన పాపము దీనికి అంటదు.

అట్లయినచో తప్పు ఎక్కడ చొరబడును? చదువకుండ వ్రాయుటలో చొరబడును. 2018లో ఇ.ఎస్.ఆర్.గాన్ అను పద్ధతిని పరిశోధకులు ప్రకటించిరి. వేలకొలది చిత్రములను చూచి నేర్చుకొనిన ప్రోగ్రాము చిన్న బొమ్మను నాలుగు రెట్లు పెంచి, లేని చుక్కలను ఊహించి పూరించును. మార్పిడి చేయువారి చేతికి ఇది వచ్చినప్పటినుండి, నెలల పని గంటలలోనికి దిగినది. వేయి బొమ్మలను ఒక వైపు పోసినచో మరియొక వైపు వేయి పెద్ద బొమ్మలు రాలును. వానిలో ఇటుకలు, గడ్డి, చెట్టు బెరడు వంటివి పలుమారు చక్కగానే ఉండును. ముఖములు, అక్షరములు, చిహ్నములు మాత్రము వినాయకుని చేయబోగా కోతి అయినట్లుండును. ప్రోగ్రామునకు చుక్క అర్థము తెలియదు. అది ఇట్టి చోట తరచుగా ఏమి ఉండునో దానిని తెచ్చి పెట్టును. పుట్టుమచ్చలు చాల చూచియున్నచో నవ్వు నీడను పుట్టుమచ్చగానే చేయును.

ఇది ఔత్సాహికుల తప్పిదమే యనుకొనరాదు. 2021 నవంబరులో రాక్‌స్టార్ సంస్థవారు గ్రాండ్ థెఫ్ట్ ఆటో అను తమ మూడు పాత ఆటలను మెరుగుపరచితిమని చెప్పి మరల విడుదల చేసిరి. అవి నేరగాండ్ర కథలు, పిల్లలకు తగినవి కావు. కాని ఉదాహరణకు పనికివచ్చును. చేతిలో పట్టుకొని కూడ ఆడదగిన నింటెండో స్విచ్ మీదను అవి వచ్చినవి. ఆ బొమ్మలను పెంచు పనిలో యంత్రమును వాడగా దుకాణముల బోర్డులపై అక్షరములు తప్పులతడకలై వచ్చినవి. అంతకంటె నవ్వు పుట్టించినది ఒక డోనట్ల అంగడి. దాని పేరులో 'టఫ్ నట్' అను శ్లేష కలదు: అంగడి మీద నిలిపిన చక్రము తినుబండారము కాదు, బోల్టునకు బిగించు ఆరు మూలల నట్టు. క్రొత్త ప్రతిలో మూలలు మొరటుగా ఉన్నవని వానిని నున్నగా గుండ్రము చేసిరి. నట్టు పోయినది, దానితో శ్లేషయు పోయినది. శ్లేషను ఎరుగని లేఖకుడు పద్యములో 'తప్పు' దిద్దినట్లే ఇదియు. సంస్థవారు ఆ నెలలోనే ఆటల స్థితికి క్షమాపణ చెప్పుకొనిరి.

యంత్రమును అసలు ముట్టరాదనుట ఇక్కడ అభిప్రాయము కాదు. వేయి ఇటుకలను చేతితో వ్రాయుమని ఎవరిని శిక్షింపగలము? యంత్రము ఇచ్చిన దానిని పాత బొమ్మ ప్రక్కన పెట్టి, ఒక్కొక్క చుక్కకు లెక్క అడిగి, తప్పిన చోట చేతితో దిద్దువాడు పనివాడే. పెంచగా వచ్చినది పెంచినట్లు పంచిపెట్టి, మెరుగుపరచితినని చెప్పుకొనువాడు మాత్రము పాత చిత్రకారునికి అపచారము చేయుచున్నాడు.

అసలు పెంచనక్కరలేని బొమ్మలును కలవు. పి.ఎస్.పి. మీద 2007లో జపానులో వెలువడిన పటపాన్ అను ఆటకు బొమ్మలు ఊహించినవాడు రోలితో అను ఫ్రెంచి చిత్రకారుడు. నల్లని నీడల వంటి చిన్న సైనికులు, ఒక్కొక్కనికి ఒకే పెద్ద కన్ను. వెనుక ఒకటి రెండు రంగుల ఆకాశము. వాండ్రు డోలు దెబ్బకు అడుగు వేయుదురు. ఆ బొమ్మకు అంచు పదునుగా ఉన్నచో చాలును. ఆ నల్లదనములో కండరములను, కవచపు మెఱుగులను దిద్దబోవువాడు తెర వెనుక దీపము పెట్టి ఆడించు తోలుబొమ్మకు చొక్కా తొడుగుచున్నట్లు.

బొమ్మలో అక్షరములున్నప్పుడు మార్పిడి పని అనువాదముతో కలిసిపోవును. ఇది తెలుగు బోధించువారికి ప్రత్యేకముగా పట్టవలసిన సంగతి. గేమ్ బాయ్ అడ్వాన్స్ అను యంత్రము కొరకు 2006 ఏప్రిలులో జపానులో వెలువడిన మదర్ 3 అను ఆటను సంస్థవారు ఇంగ్లీషులోనికి తేలేదు. క్లైడ్ మాండెలిన్ నాయకత్వమున కొందరు అభిమానులు ప్రతిఫలము ఆశింపక దానిని అనువదించి 2008 అక్టోబరులో విడుదల చేసిరి. వారు పంచినది ఆట కాదు. ఆట గలవాడు తన ప్రతికి అతికించుకొనదగిన మార్పుల పట్టిక మాత్రమే. సంభాషణలను మార్చుట వారి పనిలో ఒక పాలు. బొమ్మలుగా చిత్రించియున్న మాటలను తిరిగి చిత్రించుట మరియొక పాలు. జపాను అక్షరములన్నియు సమానమైన గడులలో కూర్చుండునవి. ఇంగ్లీషు అక్షరములలో ఒకటి పుల్లవలె, ఒకటి పల్లకివలె ఉండును. గడుల వెడల్పు అక్షరమును బట్టి మారునట్లు ప్రోగ్రామునే సవరింపవలసి వచ్చినది.

ఇంగ్లీషు సంగతి ఇట్లుండగా తెలుగు మాటయేమి? బొమ్మగా చిత్రించిన మాటకు తెలుగున ఏ అడ్డంకియు లేదు. ఆట పేరు, ఊరి ముఖద్వారమున పలక, 'ఆరంభము', 'విరామము' అను మీటల మీది మాటలు, వీనినన్నిటిని రంగుల చుక్కలుగా మాత్రమే యంత్రము ఎరుగును. అవి ఏ భాషవో దానికి పట్టదు. అందమైన తెలుగు దస్తూరి గల విద్యార్థి వ్రాసిన పలకను అది ఇంగ్లీషు పలకవలెనే గౌరవముగా నిలుపును. సంభాషణల దగ్గరనే దారి మూసికొనిపోవును. అక్కడ అక్షరములన్నియు ఒకే పెద్ద బొమ్మలో గడులు గడులుగా కూర్చుండును; ప్రోగ్రాము ఒక్కొక్క సంకేతమునకు ఒక్కొక్క గడిని తెచ్చి వరుసగా పేర్చును. ఆ గడిలో 'ఎ' బదులు 'అ' ను చిత్రింపవచ్చును. కాని 'క' నుండి 'కౌ' వరకు గుణింతమంతయు గడులలో నింపవలెనన్నచో హల్లునకు పండ్రెండు చొప్పున గడులు నాలుగువందలు దాటును. ఇంకను వత్తులు రానేలేదు. 'స్త్రీ' అను ఒక్క అక్షరమునకు తలకట్టు చోట గుడిదీర్ఘము పైకి లేచును, తకార వత్తు క్రిందికి దిగును, రేఫ వత్తు దానిని చుట్టుకొనును. పదునారు చుక్కల ఎత్తు గల గడిలో ఈ కుటుంబము కాపురము చేయజాలదు. సీసపు అక్షరములు కూర్చిన కాలమున తెలుగు అచ్చుకూటములలో వందలకొలది అరలు ఎందుకు కావలసి వచ్చినవో, ఇక్కడ బొమ్మ మార్పిడి చాలకపోవుటకును అదే కారణము. లిపి స్వరూపమును తరగతిలో నల్లబల్ల మీద నేర్పుటకంటె, ఈ గడుల ముందు కూర్చుండబెట్టి నేర్పుట బాలురకు ఎక్కువ కాలము జ్ఞాపకముండును.

ఇక న్యాయము మాట. ఈ పని దొంగతనమనువారికి సమాధానము అంత సులభముగా లేదు, కాదనువారికిని అంతే. 1992లో అమెరికాలోని తొమ్మిదవ సర్క్యూట్ అప్పీలు న్యాయస్థానము గేమ్ జీనీ అను ఉపకరణము విషయమున నింటెండోకు ప్రతికూలముగా తీర్పు చెప్పెను. ఆ ఉపకరణము ఆట నడచుచుండగా దాని విలువలను మార్చునే కాని మూలప్రతిని మార్చదు. అదే న్యాయస్థానము 1998లో, డ్యూక్ న్యూకెమ్ 3డి ఆటకు ఆటగాండ్రు కల్పించిన క్రొత్త అంకములను పోగుచేసి అమ్ముకొనిన ఒక వ్యాపారికి వ్యతిరేకముగా తీర్పు చెప్పెను. భారతదేశపు 1957 నాటి కాపీరైటు చట్టములోని 52వ సెక్షను, ప్రోగ్రాము ప్రతిని న్యాయముగా పొందినవాడు దానిని ఉద్దేశించిన వినియోగము కొరకు సవరించుకొనుటకు వీలిచ్చుచున్నది. తన ప్రతిని తన ఇంట సవరించుకొనుట వేరు, పరుల ఆటను ప్రతులు తీసి పంచుట వేరు, అమ్ముకొనుట మరియు వేరు. ఈ మూడింటిని ఒకే గాట కట్టు పెద్దలును, మూడును ఒకటేయని తప్పించుకొను కుఱ్ఱవారును సమానముగా పొరబడుచున్నారు. ఆట సంస్థలు పట్టుదల గలవని కూడ మరువరాదు. 2024 మార్చిలో నింటెండోతో రాజీపడి, యూజూ అను ఎమ్యులేటరును చేసినవారు 24 లక్షల డాలర్లు చెల్లించుటకు ఒప్పుకొనిరి. వారి చేతనే నడచుచుండిన, 3డి.ఎస్. చేతియంత్రపు ఆటలకు బొమ్మల మార్పిడిని అనుమతించిన సిత్రా కూడ దానితో నిలిచిపోయినది.

ఆ చట్టములోనే 57వ సెక్షను ఒకటి కలదు. కృతిని కర్త గౌరవమునకు భంగకరముగా వికృతపరచినచో, హక్కులు అమ్ముకొనిన పిదప కూడ అడ్డుచెప్పు అధికారము కర్తకు ఉన్నదని దాని సారాంశము. ఢిల్లీలోని విజ్ఞాన భవనమునకు శిల్పి అమర్‌నాథ్ సెహగల్ చేసిన కంచు శిల్పఫలకమును ప్రభుత్వమువారు ఊడదీసి పాడుచేసినందుకు, ఢిల్లీ హైకోర్టు 2005లో ఈ సెక్షనును ఆధారము చేసికొనియే అతని పక్షమున తీర్పు చెప్పెను. పదునారు రంగులతో ఎనిమిది కిలోబైట్లలో ముఖము వ్రాసిన చిత్రకారుడు న్యాయస్థానమునకు రాడు. పెక్కు ఆటలలో అతని పేరు చివరి పట్టికలో ఇతరుల పేర్ల నడుమ పరుగెత్తిపోవును. అయినను గౌరవము అతనికిని కలదు.

ఈ గౌరవము మాటకు ఇప్పుడు తొందర ఎందుకనగా, పాత బొమ్మలను చూచు దారులు మూసికొనిపోవుచున్నవి. 3డి.ఎస్. కొరకు నింటెండో నడపిన ఇంటర్నెట్ అంగడి 2023 మార్చి 27న క్రొత్త అమ్మకములను నిలిపివేసినది. ఆ జులైలోనే వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ ఒక పరిశీలనను ప్రకటించినది: 2010కి పూర్వము అమెరికాలో వెలువడిన ఆటలలో నూటికి 87 అప్పటికి అంగడిలో దొరకుటలేదు. యంత్రముల బ్యాటరీలు ఉబ్బుచున్నవి, తెరలు పసుపుబారుచున్నవి. పది పదునైదేండ్ల పిమ్మట ఒక బాలుడు ఆ ఆటను చూచినచో, ఎవరో మార్పిడి చేసిన రూపముననే చూడవచ్చును. అదియే అసలు రూపమనుకొనవచ్చును. లేఖకుని చేతిలో కావ్యము పడినట్లు ఆ ఆట మార్పిడి చేయువాని చేతిలో పడినది. కనుక అతడు కోరక పోయినను బాధ్యత అతనిని కోరి వచ్చినది. పాత బొమ్మలను వేరొక ఫోల్డరులో భద్రపరచుట, ఏ బొమ్మను చేతితో వ్రాసెనో, దేనిని యంత్రముచే పెంచెనో ఒక చిన్న పట్టికలో చెప్పుట, అసలు చిత్రకారుల పేర్లు దొరకినంత వరకు ఆ పట్టిక తలన వ్రాయుట, ఇవి అతనికి అరగంట పని.

పాఠశాలలో దీనికి కంప్యూటర్లు కూడ వెంటనే అవసరము లేదు. గళ్లనోటు పుస్తకము చాలును. డ్రాయింగు ఉపాధ్యాయుడు ముప్పదిరెండు గళ్ల చదరములో, నాలుగు రంగులు మించకుండ, కోడిపుంజును వ్రాయుమని పిల్లలకు చెప్పవచ్చును. తోకకు ఎన్ని గళ్లు ఖర్చు పెట్టవలెను, కంటికి ఒక గడి ఇచ్చిన తరువాత ముక్కునకు ఏమి మిగులును అని వారు తల పట్టుకొనుదురు. మరునాడు ఒకరి కోడిని మరియొకరికి ఇచ్చి, నూట ఇరువదియెనిమిది గళ్ల చదరములో దానిని తిరిగి వ్రాయుమనవలెను. వ్రాసిన పిదప ఇద్దరిని ప్రక్కప్రక్కన కూర్చుండబెట్టవలెను. "నేను వ్రాసినది ఈక, నీవు గాయము చేసితివి" అని మొదటివాడు రెండవవానితో తగవు పెట్టుకొనునంత వరకు ఉపాధ్యాయుడు మాటాడనక్కరలేదు.